సైరన్ మోగని ప్రమాదం: బొగ్గుబెల్టులో విషాల చరిత్ర ఎక్కడ దొరుకుతుంది?

సింగరేణి ప్రాంతం నుంచి గత నాలుగైదు దశాబ్దాల్లో వచ్చిన కథల్నీ నవలల్నీ ఒకచోట పెట్టుకుని చదివితే, వాటిలో తరచు వినిపించే ధ్వని ఒకటి ఉంది. అది సైరన్. షిఫ్టు మారే వేళ మోగేది కాదు. వేళకాని వేళ మోగి, క్వార్టర్లలోని ఆడవాళ్ళందర్నీ బాయి మొగదలకు పరుగెత్తించే సైరన్. అల్లం రాజయ్య, తుమ్మేటి రఘోత్తమరెడ్డి, పి. చంద్ వంటి రచయితల కృషివల్ల బొగ్గుబాయి తెలుగు సాహిత్యంలో భాగమైంది. పైకప్పు కూలడం, గ్యాసు కమ్మడం, నీళ్ళు ముంచుకురావడం ఎట్లా ఉంటాయో ఆ బాయి ముఖం ఎరగని పాఠకుడికి కూడా ఇవాళ తెలుసు. 2003 జూన్ 16న గోదావరిఖని 7 ఎల్.ఇ.పి. గనిలోకి నీరు చొచ్చుకొచ్చి 17 మంది కార్మికులు చనిపోయారు. ఆ సంఘటనకు తేదీ ఉంది, సంఖ్య ఉంది, చనిపోయినవాళ్ళ పేర్లున్నాయి, విచారణ ఉంది. చరిత్ర రాసేవాడికి కావలసిన సామగ్రి అంతా ఉంది.

ఆ మధ్య గోదావరిఖనిలో కోల్ ఫిల్లరుగా పనిచేసి దిగిపోయిన ఒక పెద్దమనిషితో ఈ ప్రమాదాల సంగతే మాట్లాడుతున్నాను. ఆయన చాలాసేపు విని, "బాయి కూలితె పేపర్ల వస్తది సారూ. బూడిద ఇంట్లకొస్తె ఏ పేపర్ల వస్తది?" అన్నాడు. ఎవరి మీదా ఫిర్యాదుగా అనలేదు. నేను అడుగుతున్న ప్రశ్నలన్నీ ఒక రకం చావు చుట్టూనే తిరుగుతున్నాయని చెప్పాడంతే.

ఈ వ్యాసం ఆ రెండోరకం ప్రమాదం గురించి. దానికి తేదీ లేదు. అది మనిషిని చంపకపోవచ్చు కూడా. కడుపులో ఉన్న పిండం మెదడు అల్లుకుంటున్న రోజుల్లో తల్లి రక్తంలోకి వచ్చిన పాదరసమో, సీసమో, బొగ్గుపొగలోని తారుజాతి పదార్థాలో ఆ అల్లికలో కొద్దిపాటి తేడా తెస్తాయి. ఆ తేడా ఏడెనిమిదేళ్ళ తర్వాత బడిలో పలక ముందు బయటపడుతుంది. అప్పుడు పంతులు "వీడికి చదువు అబ్బదు" అంటాడు. తండ్రి "మా ఇంటావంటా లేదు" అని సమాధానపడతాడు. రసాయనం పేరు ఎక్కడా రాదు. అటువంటిదానికి చరిత్ర రాయడం ఎట్లా అన్నదే మన ముందున్న సమస్య.

మొదట బొగ్గు చరిత్రనే కొంచెం వేరే వైపునుంచి చూడాలి. 1871లో భూగర్భ సర్వే శాఖకు చెందిన విలియం కింగ్ ఇల్లెందు దగ్గర బొగ్గు ఉన్నట్టు గుర్తించాడు. 1886లో లండన్ పెట్టుబడితో హైదరాబాద్ దక్కన్ కంపెనీ ఏర్పడింది. 1889లో తవ్వకం మొదలైంది. ఈ తేదీలు మన చరిత్ర పుస్తకాల్లో ఉన్నవే. కాని అక్కడినుంచి ఎనభై ఏళ్ళపాటు ఈ బొగ్గులో ఎక్కువ భాగం వేరేచోట మండింది. రైలింజన్ల కొలిమిలో, దూరపు మిల్లుల బాయిలర్లలో కాలి ఎవరి ఆకాశంలోనో పొగైంది. ఇక్కడ మిగిలింది దుమ్ము. దుమ్ము బాయిలో దిగినవాడి ఊపిరితిత్తుల్లో పేరుకునేది. కనుక బొగ్గు జబ్బు అంటే కార్మికుడి జబ్బు, మగవాడి జబ్బు, దగ్గు అనే అర్థం స్థిరపడిపోయింది.

రామగుండంలో ఈ అర్థం చెల్లకుండా పోయింది. 1960ల మొదట్లో గోదావరిఖని గనులు తెరుచుకున్నాయి. 1971లో 62.5 మెగావాట్ల థర్మల్ స్టేషన్ వచ్చింది. 1970ల నడుమ నుంచి ఓపెన్ కాస్టులు మొదలయ్యాయి. 1978 నవంబర్ 14న అప్పటి ప్రధాని మొరార్జీ దేశాయ్ ఎన్.టి.పి.సి. కేంద్రానికి శంకుస్థాపన చేశాడు. 1983లో మొదటి 200 మెగావాట్ల యూనిట్ నడిచింది. 1980ల చివరికి 2100, 2004లో ఏడో యూనిట్‌తో 2600 మెగావాట్లకు పెరిగింది. నడుమ 1980లో బొగ్గునుంచి యూరియా తీసే ఎరువుల కర్మాగారం ఉత్పత్తి ప్రారంభించి 1999లో మూతపడింది. 2021లో అదేచోట గ్యాసుతో నడిచే కొత్త కర్మాగారం మొదలైంది. 2023-24లో తెలంగాణ థర్మల్ ప్రాజెక్టు తాలూకు 800 మెగావాట్ల యూనిట్లు రెండు వచ్చి చేరాయి. తవ్వే ఊరు కాల్చే ఊరు కూడా అయింది. ఉత్పత్తిలో వచ్చిన ఈ మార్పును మన బొగ్గు సాహిత్యం తగినంతగా పట్టించుకోలేదని నా అభిప్రాయం. బాయిలోకి దిగని మనిషి, అంటే గృహిణి, బాలింత, ఉయ్యాలలోని పిల్ల, బొగ్గుకు ముఖాముఖి అయింది ఈ దశలోనే.

చిన్న లెక్క చూద్దాం. ఒక యూనిట్ కరెంటుకు ముప్పాతిక కిలోకు కాస్త తక్కువ బొగ్గు కావాలి. 2600 మెగావాట్ల కేంద్రం పూర్తిస్థాయిలో నడిస్తే రోజుకు సుమారు 40 వేల టన్నులు. మన బొగ్గులో మూడోవంతు దాకా బూడిదే. అంటే రోజుకు పదమూడు పధ్నాలుగు వేల టన్నుల బూడిద. అందులో కొంత సిమెంటుకూ ఇటుకలకూ పోతుంది. మిగతాది నీళ్ళతో కలిసి కుందనపల్లి బూడిద చెరువుకు చేరుతుంది. ఎండాకాలం చెరువు పైపొర ఎండి గాలి లేచిందంటే ఆ చుట్టుపక్కల ఊళ్ళలో ఆరేసిన బట్టమీదా, మూతపెట్టని గిన్నెలోనూ ఆ బూడిదే. ఇది కంటికి కనిపించే భాగం. కనిపించని భాగం సంగతి: ఏ బొగ్గులోనైనా పాదరసం ఉంటుంది. టన్నుకు పదోవంతు గ్రాము అనుకున్నా 40 వేల టన్నులతో రోజుకు నాలుగు కిలోలు. కొలిమి వేడికి అది ఆవిరవుతుంది. కొంత బూడిదను పట్టుకుంటుంది, కొంత చిమ్నీలోంచి పోతుంది.

ఇక్కడ మనం తొందరపడకూడదు. చిమ్నీ నీడలో ఉన్నవాడి నెత్తిమీదే ఆ పాదరసం అంతా పడదు. ఆవిరి రూపంలోని పాదరసం నెలల తరబడి గాలిలో తిరిగి ఎంతో దూరాన దిగుతుంది. చెరువు అడుగు బురదలో సూక్ష్మజీవులు దాన్ని మిథైల్ పాదరసంగా మారుస్తాయి. అది నాచునుంచి చిన్న చేపకు, చిన్న చేపనుంచి పెద్ద చేపకు చేరుతూ చిక్కబడుతుంది. మనిషికి చేరేది ప్రధానంగా చేపల ద్వారానే. పొగలోని తారుజాతి పదార్థాలూ సన్నటి నుసీ మాత్రం దగ్గరివాళ్ళకే ఎక్కువ. ఇంటిముందు బొగ్గుపొయ్యి రాజేసుకున్న కాలంలో ఈ పొగకు చిమ్నీ కూడా అక్కర్లేదు. తెల్లవారుజామున పొయ్యి ఊదే ఇల్లాలి ముఖమే దానికి మొదటి మజిలీ. ఏ విషం ఏ దారిన, ఎవరికి చేరుతుందో వివరంగా తెలుసుకోకుండా "విషవాయువులు" అన్న ఒక్క మాటతో సరిపెట్టే రచన ఎవరికీ ఉపయోగపడదు.

పెద్దవాడి మెదడుకూ పిండం మెదడుకూ తేడా ఏమిటి? పెద్దవాడిది కట్టేసిన ఇల్లు. పిండానిది కడుతున్న ఇల్లు. నాడీకణాలు పుట్టినచోటనుంచి బయలుదేరి తమతమ స్థానాలకు చేరడం, అక్కడ ఒకదానితో ఒకటి సంబంధం కలుపుకోవడం ఒక వరుసలో, ఒక వేళకు జరగాలి. మిథైల్ పాదరసం మాయను సులువుగా దాటుతుంది. కణాల ప్రయాణాన్నే చెదరగొడుతుంది. సీసం శరీరాన్ని మోసపుచ్చి సున్నపు ధాతువు వేషంలో నాడీకణాల సంధుల్లోకి దూరుతుంది. ఎముకలో దాక్కుని, తల్లి గర్భవతి అయినప్పుడు ఎముకలోని సున్నంతో పాటు మళ్ళీ రక్తంలోకి వస్తుంది. అంటే తల్లి తన చిన్ననాట తిన్న సీసం బిడ్డకు అందవచ్చు. పెద్దవాడిని ఏమీ చేయని మోతాదు పిండానికి ఎక్కువ కావడానికి కారణం ఇదే. 2006లో గ్రాంజాన్, లాండ్రిగన్ అనే ఇద్దరు వైద్యులు, పసిమెదడును దెబ్బతీస్తాయని నిశ్చయంగా తెలిసిన పారిశ్రామిక రసాయనాలు ఐదని లెక్కతేల్చారు: సీసం, మిథైల్ పాదరసం, ఆర్సెనిక్, పీసీబీలు, టోలుయీన్. 2014లో మళ్ళీ చూస్తే ఆ పట్టిక పదకొండుకు పెరిగింది. మాంగనీసు, ఫ్లోరైడు, డీడీటీ, క్లోర్‌పైరిఫాస్ అనే పురుగుమందు అందులో చేరాయి.

ఈ జ్ఞానం ఎట్లా వచ్చిందో చూస్తే ఒక క్రమం కనిపిస్తుంది. 1845లో ఎంగెల్స్ ఇంగ్లండు కార్మికవర్గ స్థితిగతులమీద పుస్తకం రాస్తూ కుండల పరిశ్రమ దగ్గర ఆగుతాడు. కుండలకు మెరుగుపెట్టే ద్రావకంలో సీసం, తరచు ఆర్సెనిక్ కూడా ఉంటాయనీ, అందులో చేతులు ముంచి పనిచేసే మగవాళ్ళకు చేతులు పడిపోతాయనీ, పిల్లల్లో మూర్ఛలు సర్వసాధారణమనీ నమోదు చేస్తాడు. ఆ పుస్తకాన్ని వేతనాలకోసం, మురికివాడల వర్ణనకోసం ఉటంకించేవాళ్ళు మనలో చాలామందే. ఆ మూర్ఛపోయే పిల్లల వాక్యం దగ్గర ఆగినవాళ్ళు తక్కువ. నేనూ మొదటిసారి చదివినప్పుడు ఆగలేదు.

తర్వాత 1904లో ఆస్ట్రేలియాలోని బ్రిస్బేన్‌లో గిబ్సన్ అనే వైద్యుడు, పిల్లల సీసపు జబ్బుకు వరండా కటకటాల రంగు కారణమని చెప్పాడు. 1924 అక్టోబర్లో అమెరికాలో, పెట్రోలులో కలిపే సీసపు రసాయనం తయారుచేసే బేవే కర్మాగారంలో కార్మికులు మతిచలించి లేనివి చూస్తూ అరిచారు, ఐదుగురు చనిపోయారు. పత్రికలు దానికి పిచ్చిగ్యాసు అని పేరుపెట్టాయి. కొంతకాలపు అలజడి తర్వాత అదే సీసం ప్రపంచంలోని ప్రతి మోటారు బండిలోనూ పోశారు. ఆ కంపెనీల వైద్య సలహాదారు రాబర్ట్ కెహో వాదన ఇది: మనిషి ఒంట్లో కొంత సీసం సహజమే, హాని ఉందని రుజువు చేసేదాకా ఆపనక్కర్లేదు. రుజువు చేయవలసిన భారం దెబ్బతిన్నవాడి మీద వేసే ఈ తర్కం ఒక తరానికి పైగా నిలిచింది.

1979లో హెర్బర్ట్ నీడిల్‌మన్ దాన్ని పాలపళ్ళతో ఎదుర్కొన్నాడు. రక్తంలోని సీసం కొద్దివారాల కథే చెబుతుంది. పన్ను అట్లా కాదు, ఎముకలాగే అదీ పాతలెక్క దాచుకుంటుంది. బోస్టన్ దగ్గరి చెల్సీ, సోమర్‌విల్ ఊళ్ళలో ఒకటి రెండు తరగతుల పిల్లల ఊడిన పళ్ళను పోగుచేసి సీసం కొలిచాడు. జబ్బు లక్షణం ఒక్కటీ లేని పిల్లల్లోనే, పంటిలో సీసం ఎక్కువైన కొద్దీ తెలివితేటల పరీక్షలో, శ్రద్ధలో, భాషలో వెనకబాటు కనిపించింది. మన పిల్లలు పాలపన్ను ఊడితే పేడలో చుట్టి ఇంటికప్పు మీదికి విసిరేస్తారు. ఒక చరిత్ర పత్రాన్ని విసిరేస్తున్నామని మనకేం తెలుసు?

"హద్దు" అనే మాట చరిత్ర కూడా చెప్పుకోవాలి. పిల్లల డెసిలీటరు రక్తంలో 60 మైక్రోగ్రాముల సీసం దాకా ఫరవాలేదని 1960లలో అమెరికా వైద్యశాస్త్రం అనుకునేది. అది 1970ల మొదట్లో 40కి, తర్వాత 30కి, 1985లో 25కి, 1991లో 10కి, 2012లో 5కి, 2021లో 3.5కి దిగింది. పిల్లల శరీరం ఈ అరవై ఏళ్ళలో ఏమీ మారలేదు. 1970లో 35 ఉండి "ఫరవాలేదు" అనిపించుకున్న పిల్లవాడు ఇప్పటి లెక్కకు పదిరెట్లు విషం మోసినవాడు. వాడి ముఖాన ఎవరూ ఆ మాట చెప్పలేదు. మన దేశంలో సీసం లేని పెట్రోలు అంతటా వచ్చింది 2000లో. ఐనా సీసం పోలేదు: పాత బ్యాటరీలు కరిగించే కొలుముల్లో, రంగుల్లో, కల్తీ పసుపులో ఉంది. 2020లో యూనిసెఫ్ వేసిన అంచనా ప్రకారం డెసిలీటరుకు 5 మైక్రోగ్రాములు, అంతకు మించి సీసం ఉన్న పిల్లలు ప్రపంచంలో 80 కోట్లు. అందులో భారతదేశం వాటా ఇరవై ఏడున్నర కోట్లు.

ఇందులో వర్గం ఎక్కడుంది అని అడిగే మిత్రులుంటారు; విషం అందరికీ విషమే కదా అంటారు. కాదు. ఇనుము తక్కువైన శరీరం సీసాన్ని ఎక్కువగా పీల్చుకుంటుంది. పేగులో ఇనుము వెళ్ళవలసిన దారిలోనే సీసం వెళుతుంది. ఇనుము లేక ఖాళీగా ఉన్న దారి సీసానికి తెరుచుకుంటుంది. 2019-21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే ప్రకారం తెలంగాణలో ఆరు నెలలనుంచి ఐదేళ్ళ లోపు పిల్లల్లో నూటికి 70 మందికి రక్తహీనత. కనుక ఒకే వీధి దుమ్ము ఆఫీసరు బంగళాలోని పిల్లలోకీ, కాంట్రాక్టు కార్మికుడి గుడిసెలోని పిల్లలోకీ ఒకే మోతాదులో పోదు. ఆకలి, రసాయనం రెండు వేర్వేరు అధ్యాయాలు కావు.

బొగ్గు కేంద్రమూ పసిమెదడూ అనే ప్రశ్నకు సూటిగా సంబంధించిన ఉదాహరణ చైనాలో ఉంది. చాంగ్‌చింగ్ పరిధిలోని టొంగ్లియాంగ్ పట్టణంలో ఆధునిక కాలుష్య నియంత్రణ లేని బొగ్గు విద్యుత్కేంద్రం ఒకటి ఉండేది. ఏటా డిసెంబర్ నుంచి మే దాకా నడిచేది. ఊళ్ళో ఇళ్ళ పొయ్యిలు అప్పటికే గ్యాసుకు మారాయి కాబట్టి పొగకు ముఖ్య కారణం అదే. 2004 మే నెలలో ప్రభుత్వం దాన్ని మూసేసింది. కొలంబియా విశ్వవిద్యాలయపు ఫ్రెడెరికా పెరెరా బృందం, చైనా వైద్యులు కలిసి, 2002లో పుట్టిన పిల్లల్నీ 2005లో పుట్టినవాళ్ళనూ పోల్చారు. బొడ్డుతాడు రక్తంలో తారుజాతి పదార్థాల గుర్తు మొదటి జట్టులో ఎక్కువ, రెండో జట్టులో తక్కువ. మొదటి జట్టులో ఆ గుర్తు ఎంత ఎక్కువుంటే రెండేళ్ళ వయసులో కదలికల వికాసం అంత వెనకబడింది. రెండో జట్టులో ఆ సంబంధం మాయమైంది. ఆ మూడేళ్ళలో ఊరు మారలేదు, చిమ్నీ ఆగింది.

రామగుండంలో చిమ్నీ ఆగాలని నేను అనడం లేదు. ఈ వెలుతురులో కూర్చునే ఇది రాస్తున్నాను. కాని విషాన్ని చిమ్నీలోనే పట్టుకునే పద్ధతులున్నాయి. గంధకం, నత్రజని వాయువులకూ, పాదరసానికీ మన థర్మల్ కేంద్రాలకు మొదటిసారి హద్దులు పెట్టింది 2015 డిసెంబర్లో. గడువు పొడిగింపుల మీద పొడిగింపులు నడిచి, 2025 జులైలో దేశంలోని చాలా కేంద్రాలను గంధకం తొలగించే యంత్రాల నిబంధననుంచే తప్పించారు. ఆ యంత్రాలు పాదరసాన్ని కూడా కొంత పట్టుకుంటాయన్నది చర్చలోకి పెద్దగా రాలేదు.

మన నేలమీద ఇంతకుముందే జరిగినవి చూడండి. 1937లో మద్రాసు కింగ్ ఇన్‌స్టిట్యూట్‌కు చెందిన షార్ట్, ఆయన సహచరులు నాటి నెల్లూరు జిల్లాలోని పొదిలి, దర్శి ప్రాంతాల ఫ్లోరైడు జబ్బును వైద్యపత్రికలో వర్ణించారు. అంతకు ముందే రైతులు ఎద్దుల కాళ్ళు బిగుసుకుపోవడం గమనించారు. తర్వాత నల్లగొండ పేరే ఆ జబ్బుకు పర్యాయపదమైంది. వంగిపోయిన నడుమును అందరం చూశాం. ఫ్లోరైడుకు మెదడుతో పని ఉందన్న మాట వినడానికి మరో ముప్పావు శతాబ్దం పట్టింది. పటాన్‌చెరులో నక్కవాగు రంగుమారితే, ఊళ్ళో ప్రాక్టీసు చేసుకునే అల్లాని కిషన్‌రావు అనే డాక్టరు రోగుల చీటీలనుంచే ఉద్యమం కట్టాడు. ఆ వ్యవహారం 1990లో సుప్రీంకోర్టుదాకా పోయింది. 2020 డిసెంబర్ 5 నుంచి ఏలూరులో వందలమంది ఉన్నట్టుండి మూర్ఛలతో పడిపోయారు. ఢిల్లీ ఎయిమ్స్ వాళ్ళు రక్తంలో సీసం, నికెల్ చూశారు. మరికొన్ని సంస్థలు పురుగుమందుల వైపు వేలు చూపాయి. దేశమంతా ఏలూరు వైపు చూసింది, ఎందుకంటే అది ఒక్కరోజున జరిగింది. అదే విషం ఇరవై ఏళ్ళమీద పరుచుకుని వస్తే ఏ మంత్రీ ఆస్పత్రికి రాడు.

చట్టం కూడా ఇట్లాగే చూస్తుంది. 1948 ఫ్యాక్టరీల చట్టం మూడో షెడ్యూలులో సీసపు విషం, పాదరసపు విషం, మాంగనీసు విషం అన్నీ ఉండేవి, వస్తే తెలియజేయవలసి ఉండేది. ఐతే అవి కార్మికుడికి వస్తేనే. బాయిలో ప్రతి షిఫ్టుకూ మీథేన్ పరీక్షించాలన్న నిబంధన ఉంది, అందుకు దీపం ఉంది, రాసే పుస్తకం ఉంది. కార్మికుడి భార్య కడుపులోని పిండానికి ఆ రిజిస్టర్లలో గడి లేదు. కంపెనీ దస్తావేజుల్లో ఈ చరిత్ర వెతకబోతే దొరకకపోవడానికి కారణం ఎవరో దాచడమే కానక్కర్లేదు. అసలు రాయనే లేదు.

మరి ఎక్కడ రాసి ఉంది? ఇక్కడ జపాన్ అనుభవం మనకు, ముఖ్యంగా రచయితలకు, దగ్గరగా ఉంటుంది. మినమతా సంగతి అందరూ విన్నదే. చిస్సో కర్మాగారం సముద్రంలోకి వదిలిన పాదరసం చేపల్లో చేరింది. పిల్లులు తూలి సముద్రంలో పడ్డాయి. చిన్నపిల్లలు నడక, మాట కోల్పోయారు. 1956 మే 1న కర్మాగారపు ఆస్పత్రి వైద్యుడు హొసొకావా ఈ వింతజబ్బును అధికారులకు తెలియజేశాడు. ఆయనే 1959లో వ్యర్థజలం కలిపిన తిండి పెట్టిన పిల్లికి అదే జబ్బు రావడం చూశాడు; కంపెనీ ఆ ఫలితాన్ని బయటికి రానివ్వలేదు. ప్రభుత్వం కారణం ఒప్పుకున్నది 1968లో. ఇంతవరకు ప్రసిద్ధమే.

అంతగా ప్రచారంలో లేని సంగతి రెండు వైపులనుంచి ఉంది. మాయ విషాన్ని ఆపుతుందని నాటి వైద్యశాస్త్రం నమ్మేది. కనుక పుట్టుకతోనే వంకర్లు పోయిన పిల్లలకు వేరే జబ్బు పేరు పెట్టారు. హరదా మసజుమి అనే యువవైద్యుడు ఇల్లిల్లూ తిరుగుతుంటే ఒక తల్లి, ఈ బిడ్డ చేప తినలేదు, నేను తిన్నాను, నా ఒంట్లోని విషం వీడు తీసుకున్నాడు అన్న అర్థం వచ్చేట్టు చెప్పింది. శాస్త్రం ఆమె మాట వెనకే నడిచి 1962లో ఒప్పుకుంది. తర్వాత రుజువు దొరికింది జపాన్ కుటుంబాలు ఆనవాయితీగా దాచుకునే ఎండిన బొడ్డుతాళ్ళలో. 1975లో వాటిని పరీక్షిస్తే, ఏయే ఏళ్ళలో కర్మాగారం ఉత్పత్తి పెంచిందో ఆయా ఏళ్ళలో పుట్టినవాళ్ళ బొడ్డుతాళ్ళలో మిథైల్ పాదరసం ఎక్కువగా ఉంది. కంపెనీ లెక్కల పుస్తకానికి జవాబు పెట్టెల్లో, అరల్లో ఉందన్నమాట. మన ఇళ్ళలోనూ బొడ్డుతాడు తాయెత్తులో చుట్టి పిల్లల మొలకు కట్టే అలవాటు ఉంది.

రెండో సంగతి సాహిత్యానిది. 1958లో జపాన్‌లోని చికుహో బొగ్గుగనుల ప్రాంతంలో, నకమా పట్టణంలో, "సర్కిల్ విలేజ్" అని అర్థం వచ్చే పేరుతో ఒక చిన్న పత్రిక మొదలైంది. కవి తనిగావా గాన్, స్వయంగా గనిలో పనిచేసిన ఉయెనొ ఎయిషిన్, మొరిసాకి కజుయె దాని వెనకున్నవారు. తనిగావా పుట్టింది మినమతాలోనే. మొరిసాకి భూగర్భంలో పనిచేసిన ముసలి ఆడకూలీల దగ్గర కూర్చుని వాళ్ళ మాటలు విని 1961లో పుస్తకం చేసింది. మినమతాలో ఉండే ఇషిమురె మిచికొ అనే గృహిణి, ఆస్పత్రి వార్డులో తాను చూసిన రోగుల గురించి రాసిన తొలిరూపం 1960 జనవరిలో ఈ బొగ్గుగని పత్రికలోనే అచ్చయింది. అదే పెరిగి 1969లో "కుగై జోదో" అనే పుస్తకమైంది. మరుసటేడు దానికి వచ్చిన బహుమతిని ఆమె కాదంది. పాదరసపు విషం గురించిన తొలి గొప్ప రచన బొగ్గుకార్మికుల సాహిత్య బృందపు పత్రికలో పుట్టిందన్న ఈ సంగతి తెలిసిననాడు నాకు రెండు రోజులు మరో పని తోచలేదు. ప్రమాదాల మాటలు వినడం నేర్చిన చెవులే ఈ నిశ్శబ్దాన్నీ పట్టుకోగలిగాయి.

ఐతే ఇందులో ఒక ఊబి ఉంది. దెబ్బతిన్న పిల్లను చిహ్నంగా వాడుకోవడం రచయితకు చాలా తేలిక. 1971లో ఫోటోగ్రాఫర్ యూజీన్ స్మిత్, మినమతాలో ఒక తల్లి తన కూతురికి స్నానం చేయిస్తున్న చిత్రం తీశాడు. ప్రపంచమంతా చూసింది, ఉద్యమానికి బలమైంది. తల్లిదండ్రులు తమ బిడ్డను ఇక విశ్రాంతి తీసుకోనివ్వమన్నారు. 1998లో ఆ చిత్రాన్ని చలామణీనుంచి తీసేశారు. మన కథల్లో "కాలుష్యానికి ప్రతీక"గా ఒక బుద్ధిమాంద్యం ఉన్న పిల్లను చివరి పేరాలో నిలబెట్టే ముందు ఈ సంగతి తలుచుకోవాలి. పైగా ఫలానా పిల్లకు ఫలానా చిమ్నీవల్లే ఇట్లా అయిందని ఒక్క కేసులో ఎవరూ చెప్పలేరు. వందలమందిని కలిపి చూస్తేనే ఆ తేడా తేలుతుంది. కథ ఒక మనిషిని అడుగుతుంది, ఈ నిజం గుంపులో మాత్రమే కనిపిస్తుంది. శిల్పపరంగా ఇది కష్టమైన సమస్య. సైరన్ కథకు నేర్చుకున్న పద్ధతి దీనికి పనికిరాదు. ఇషిమురె కథలు, వైద్యుల నివేదికలు, మత్స్యకారుల యాస, అన్నీ ఒకే పుస్తకంలో పక్కపక్కన పెట్టడం ఊరికే చేసిన ప్రయోగం కాదు.

ఆ పెద్దమనిషి ఇంట్లో నేను కూర్చున్న మధ్యాహ్నం ఆయన భార్య బయట ఆరేసిన బియ్యం మీద దుప్పటి కప్పుతూ, "ఇప్పుడు ఇటు కొట్టదు, ఉగాది దాటినంక ఇటు మర్లుతది" అంది. ఏ నెలలో బూడిద గాలి ఏ వాడకు మళ్ళుతుందో ఆమెకు లెక్క ఉంది. ఆ వాడలో ఏ కోడలు ఏ నెలలో నీళ్ళోసుకుందో, ఎవరి పిల్ల నడక ఆలస్యమైందో, ఎవరి పిల్లవాడు మూడేళ్ళకు కూడా మాట అందుకోలేదో అదీ ఆమె చెప్పింది. టొంగ్లియాంగ్‌లో పరిశోధకులు పోల్చి చూసినవి ఈ రెండు లెక్కలే. నేను ఆ రోజు నోటుపుస్తకం తీసుకుపోయింది ఆయన మాటలు రాసుకోవడానికి. ఆమె చెబుతున్నప్పుడు అది నా సంచిలో ఉంది.